జప్తు కుర్చీలు

డైరెక్టర్ గారి కారు ఆఫీసు గేటు దాటి లోపలికి రాగానే మెట్ల మీద కూర్చున్న ముసలివాళ్లంతా లేచి నిలబడ్డారు. ఉద్యోగం అయిపోయినా మోకాళ్లకు ఆ భయం పోలేదు. జగ్‌లాల్ మాంఝీ కూడా లేచాడు. లేచినందుకు తన మీద తనకే ఒళ్లు మండింది.

పట్నాలో గంగ మీద స్టీమర్లు నడిపే సర్కారు సంస్థ అది. జగ్‌లాల్ అందులో స్టీమరు నడిపే సరంగుగా చేసి రిటైరయ్యాడు. ఏళ్లు గడిచినా గ్రాట్యుటీ రాలేదు. ఛఠ్ పండుగనాడు ఘాట్ మీద జారిపడి తుంటి విరిగిన భార్య రధియా మంచానికే అతుక్కుపోయింది. డబ్బు కడితేగాని ఆపరేషన్ చెయ్యం అన్నారు ఆసుపత్రివాళ్లు. అతనిలా డబ్బు అందనివాళ్లందరూ కలిసి కోర్టుకెళ్లి గెలిచారు. సంస్థ పైసా విదల్చలేదు. మళ్లీ వెళ్లారు. ఆఫీసు సామాను జప్తు చేసి వేలం వేయమంది కోర్టు.

ఆ ఉత్తర్వు పట్టుకుని ఇవాళ కోర్టు అమీనా వచ్చాడు.

డైరెక్టర్ నవ్వాడు. "మా వకీలు హైకోర్టులో స్టే అడుగుతున్నాడు. ఈలోగా నా సామాను ముట్టుకున్నవాడి సంగతి నేను చూస్తా."

అమీనా తెచ్చిన కూలీలు మెల్లగా జారుకున్నారు.

"పదండ్రా, మనమే మోద్దాం," అన్నాడు జగ్‌లాల్.

"వంగితే లేవలేం, బల్లలు మోస్తామా భయ్యా?" వెనక నుంచి ఎవరో గొణిగారు.

"ఎవడో వచ్చి మోస్తాడని ఇంకెన్నాళ్లు కూర్చుంటావురా?"

మొదటి బల్లే గుమ్మంలో ఇరుక్కుంది. లోపల గుమస్తాలు తలలు దించుకుని చూడనట్టు నటిస్తున్నారు. డబ్బు కోసం తిరిగి తిరిగి చచ్చిపోయిన స్టీమరు ఖలాసీ బైజూ భార్య తేత్రీ దేవి వాళ్ల ముందుకెళ్లి నిలబడింది.

"బాగా చూసుకోండి బాబూ. రేపు మీ పెళ్లాలు వచ్చి నిలబడేది ఇక్కడే!"

వచ్చే నెల రిటైరవబోయే గుమస్తా నస్రీన్ కొంగు బిగించి లేచింది. "జరుగు భయ్యా, ఆ కొస నేను పడతా." ఆ తర్వాత ఎవరినీ పిలవాల్సిన పని లేకపోయింది.

ఆవరణ నిండా బల్లలు, బీరువాలు, కుర్చీలు. లారీ రావడమే తరువాయి. సరిగ్గా అప్పుడే స్టే వచ్చింది. వీళ్లను ఏళ్ల తరబడి వాయిదాలకు తిప్పిన న్యాయం వాళ్లు పిలవగానే పరుగెత్తుకొచ్చింది.

జగ్‌లాల్‌కి ఏడుపొచ్చింది. ఇంటికెళ్లి రధియాకి ఏం చెప్పాలి? సత్తువ లేక దగ్గరున్న కుర్చీలో కూలబడ్డాడు. తేత్రీ దేవి డైరెక్టర్ గారి తిరుగుడు కుర్చీలో కూర్చుంది. ఒకరి తర్వాత ఒకరు అందరూ కూర్చున్నారు, నస్రీన్‌తో సహా.

"లోపల పెట్టండి ఇవన్నీ!" అరిచాడు డైరెక్టర్.

"కోర్టు జప్తు ఆపమంది సాహెబ్. మమ్మల్ని మోయమనలేదు. మీ కుర్చీ మీరే మోసుకోండి," అన్నాడు జగ్‌లాల్.

డైరెక్టర్ పోలీసుల్ని పిలిపించాడు. వాళ్లను వెంటబెట్టుకుని కుర్చీల మధ్యకొచ్చాడు.

"లేవండి!"

జగ్‌లాల్ మోకాళ్లు అలవాటుగా కదిలాయి. రెండు చేతులతో వాటిని అదిమిపట్టాడు. భుజం మీద లాఠీ పడింది. పళ్లు బిగించాడు.

ఒక్కరూ లేవలేదు.