సంతకానికి పైన పదకొండు పేర్లు

ఉమాకాంతం కాగితాలన్నీ వరసలో ఉన్నాయో లేదో మూడోసారి చూసుకుని గుడ్డసంచిలో పెట్టాడు. డెబ్భై ఒకటో ఏట, గుండెకి రెండు స్టెంట్లు పడ్డాక కూడా జగ్గయ్యపేట నుంచి నందిగామకి ఆ బస్సు ప్రయాణమేమిటని భార్య ప్రసూనాంబ పొద్దుటినుంచీ దులిపేస్తూనే ఉంది. రాసిందేదో ఫోన్లో చదివి వినిపించరాదా అంది. ఎదురుగా కూర్చోకుండా మనిషి గురించి రాయడం తనకి చేతకాదన్నాడాయన.

నలభై ఏళ్లలో ఏడు పుస్తకాలు, అన్నీ నిజంగా జరిగిన మోసాల గురించే. నకిలీ విత్తనాలు అమ్మినవాడు, లేని ఊళ్లో ప్లాట్లు వేసినవాడు, చదవని వైద్యం చేసినవాడు. మొదటి పుస్తకంలో మాత్రం ఆయనే పప్పులో కాలేశాడు. చెవిటికల్లు విత్తనాల వ్యాపారి అనుకుని, అదే పేరున్న జి.కొండూరు మనిషి గురించి రాసేశాడు. ఆ అమాయకుడు కొట్టు మూసుకున్నాడు. ఆ సిగ్గు ఈనాటికీ చావలేదు.

అప్పటినుంచీ ఒకటే పట్టు. మోసం చేసినవాళ్లయినా, మోసపోయినవాళ్లయినా, ఎవరి గురించి రాశాడో వాళ్లకి మొత్తం చదివి వినిపించి, తప్పుంటే దిద్ది, సంతకం పెట్టించుకున్నాకే అచ్చుకివ్వాలి. తిట్టినవాళ్లున్నారు, కుక్కని ఉసిగొల్పినవాళ్లున్నారు. చివరికి అందరూ పెట్టారు. అబద్ధం రాశాడని ఒక్కడూ కోర్టుకెక్కలేదు. ఆ మాట చెప్పేటప్పుడు ఆయన మెడ కాస్త నిటారుగా లేచేది. లేవదూ మరి!

ఎనిమిదో పుస్తకంలో ఆఖరి అధ్యాయం భవానీప్రసాద్‌ది. పేరు ముందు లేని డాక్టరు తగిలించుకుని, గుర్తింపు లేని నర్సింగు కాలేజీ పెట్టి, చందర్లపాడు వైపు ఆడపిల్లలకి దొంగ సర్టిఫికెట్లు అంటగట్టాడు. అతను సంతకం పెట్టకపోతే ఆరేళ్ల పని అటకెక్కినట్టే.

నందిగామలో అతని ముందుగదిలో కూర్చుని ఉమాకాంతం గంటన్నర చదివాడు. చేతులు కట్టుకుని విన్న భవానీప్రసాద్ ఒక్కచోట ఆపమన్నాడు.

"నేను పాఠం బాగా చెప్తానని రాశారేంటండీ?"

"చెప్పేవారుగా. మీ దగ్గర చదివిన పిల్లలే అన్నారు. ఉన్నది రాశా."

 అతను ఆఖరి కాగితం ఇమ్మని చెయ్యి చాపాడు.

"మోసపోయిన పిల్లలు ముప్పైనాలుగు మందని రాశారు. తప్పండి. ఇంకో పదకొండు మంది ఉన్నారు. మీకు దొరకలేదు."

ఒక్కో పేరూ, ఊరూ గుర్తు చేసుకుంటూ రాసి, కింద సంతకం పెట్టాడు.

తిరుగు బస్సులో ఉమాకాంతానికి కిటికీ పక్క సీటు దొరికింది. మోసం చేసినవాడే పూనుకుని నిజాన్ని పూర్తిచేసిన పుస్తకం తనదని పొంగిపోయాడు. చిల్లకల్లు టోల్‌గేటు దాటేదాకా ఆ పేర్లే చదువుకున్నాడు. జగ్గయ్యపేట బస్టాండులో అందరూ దిగాక కండక్టరు వచ్చి భుజం తట్టాడు. ఆయన లేవలేదు.

పదమూడో రోజు దాటాక ప్రెస్సువాళ్లు ఫోన్ చేసి, పుస్తకం తొందరగా వేస్తే బాగుంటుందన్నారు. అందరి సంతకాలూ ఉన్నాయిగా అన్నారు. ప్రసూనాంబ కళ్లు తుడుచుకుంది. 

"ఆయన పద్ధతి మీకు తెలుసుగా. ఇంకా పదకొండు మందికి చదివి వినిపించాలండి. రేపట్నించి నేను వెళ్తున్నా."

బల్లమీద ఆఖరి కాగితం పరిచి ఉంది. పైసగం ఆయన రాత, కిందంతా పరాయి చేతిరాత, మొదటి పేరు పక్కన ఆవిడ అప్పుడే రాసుకున్న బస్సు టైము.