క్రీమ్ లేని రొయ్యల సూప్

అత్తగారు మొదటి చెంచా నోట్లో పెట్టుకుని, చప్పరించి, "ఇవాళ క్రీమ్ కాస్త ఎక్కువైనట్టుందమ్మాయ్" అంది.

అసలు అందులో క్రీమ్ లేదు. నలభై రెండు రోజులుగా లేదు. భర్త గిన్నె అడుగు వరకూ గీరి తాగి, "ఎక్కువేం కాదు, అలాగే ఉండాలి. సూప్ అన్నాక చెంచా నిలబడాలి" అన్నాడు. కోడలు తల వంచుకుని బల్ల తుడిచింది. పొయ్యి పక్కన అందరికీ కనిపించేలా క్రీమ్ డబ్బా ఉంది. నలభై రెండు రోజులుగా అదే డబ్బా, అదీ ఖాళీదే. వారానికోసారి కడిగి, మళ్ళీ మూత పెట్టి అక్కడే ఉంచేది.

భర్త హోటల్లో పెద్ద వంటవాడు. అందరూ మాస్టర్ అంటారు. ఇరవై రెండేళ్ళుగా ఆ హోటల్ పేరు నిలబెట్టింది అతని రొయ్యల సూప్. అందులో సగం క్రీమ్, పావు వెన్న. నెలన్నర క్రితం గుండె రక్తనాళంలో స్టెంట్ వేసి, "ఆ సూప్ ఇక మర్చిపోండి" అన్నాడు డాక్టర్. ఇంటికొచ్చిన సాయంత్రమే ఆమె పెట్టిన కూరగాయల చారు పక్కకు తోసేసి, "నన్ను ఒక్కసారే చంపేస్తావా, రోజూ కాస్త కాస్త చంపుతావా?" అన్నాడు. అత్తగారు కళ్ళొత్తుకుంటూ, "వాడికి నోటికి రుచి లేకపోతే ఎలా బతుకుతాడు, కాస్త చూసి చెయ్యి" అంది. చూసి చెయ్యడమంటే ఏమిటో ఆమె అడగలేదు, చూసింది. ఆమె పని కూడా ఆ హోటల్లోనే. వెనకగదిలో రొయ్యలు ఒలవడం, గిన్నెలు సర్దడం. హాజరు పుస్తకంలో మాత్రం ఆమె పేరు లేదు. "మాస్టర్ ఇంటి మనిషే కదా" అని మొదట్లో ఎవరో అన్నారు, అదే ఖాయమైపోయింది. రోజూ బస్తాడు పెంకులు పారేసే ఆ మనిషికి, రుచంతా పెంకుల్లోనే ఉందని చేతి వాసనే చెప్పింది. పెంకులూ తలలూ చెంచాడు నూనెలో ఎర్రగా వేయించి, ఉల్లిపాయ, టమాటా వేసి, నీళ్ళు పోసి మరిగించింది. చిక్కదనానికి గుప్పెడు బియ్యం మెత్తగా ఉడికించి అందులోనే రుబ్బింది. రెండుసార్లు వడకట్టి, చివర్లో అరగ్లాసు పాలు. అంతే. తొలిరోజు అతను చెంచా ఎత్తినప్పుడు ఆమె గరిట పట్టుకుని పక్కనే నిలబడింది. అతను రెండో గిన్నె అడిగాడు.

నలభై మూడో రోజు డాక్టర్ దగ్గర గుట్టు బయటపడింది. రిపోర్టు చూసి డాక్టర్ కళ్ళజోడు తీశాడు. "కొవ్వు బాగా దిగింది. ఏం తింటున్నారు?"

"నా క్రీమ్ సూపే డాక్టర్. ఒక్కపూట కూడా మానలేదు" అన్నాడు మాస్టర్, గెలిచినవాడిలా.

డాక్టర్ ఆమె వైపు తిరిగాడు. అబద్ధం చెప్పే అవసరం ఇక లేదు. చెప్పేసింది. దారి పొడుగునా భర్త రెండడుగులు ముందే నడిచాడు. కోపమేమో అనుకుంది. ఇంటి మెట్లు ఎక్కుతూ అన్నాడు: "ఎలా చేశావో కాగితం మీద రాసివ్వు."

ఎందుకో మర్నాడు హోటల్లో తెలిసింది. పై అంతస్తులో, ఒంటికి తేలికగా ఉండే వంటల కోసం, ఓనరమ్మ కొత్త వంటగది తెరుస్తోంది. ఆ పొయ్యి తనకిమ్మని ఆమె ఇదివరకే రెండుసార్లు అడిగింది. ఓనరమ్మ "చూద్దాం" అంది. భర్త "ఇద్దరం పొయ్యి దగ్గర నిలబడితే ఇల్లెవరు చూస్తారు?" అన్నాడు. ఇప్పుడతను వెళ్ళి, క్రీమ్ లేని సూప్ కనిపెట్టాననీ, పై వంటగదీ తనకే అప్పగించమనీ చెప్పాడు. ఓనరమ్మ పద్ధతి ఒకటే. కొత్త వంట ఏదైనా, కనిపెట్టినవాళ్ళు ఆవిడ కళ్ళముందు మొదటి నుంచి చెయ్యాలి. రేపు పదకొండింటికి.

ఆమె కాగితంలో ఏదీ దాచలేదు. కొలతలు, పెంకులు ఏ రంగు వచ్చేదాకా వేయించాలో, అన్నీ రాసింది. అతను పైపైన చూసి జేబులో పెట్టుకున్నాడు. "ఇదేనా? దీనికింత హడావుడా?"

మర్నాడు పదవుతుండగా వెనకగుమ్మం దగ్గర పెంకుల బస్తా ఉంది. చెత్త బండి వచ్చే వేళ. ఆమె దోసిట్లో కాసిని పెంకులు తీసి బేసిన్ మీదకు తెచ్చింది. అతను అడగలేదు, అయినా పక్కన పెట్టి ఉంచితే గట్టెక్కుతాడు. ఇన్నేళ్ళూ గట్టెక్కించింది అలాగే. అతను ఉప్పు మరిచిన రోజున వెనక నుంచి ఉప్పు, అడుగంటిన రోజున గిన్నె మార్పు, అతిథులు ఎక్కువైన రోజున ఇంటి నుంచి తన వాటా చేపలు. ఏదీ ఎవరికీ తెలియదు. అతనికి కూడా సరిగ్గా తెలియదు. తెలియకుండా చెయ్యడమే మంచి భార్య లక్షణమని పెళ్ళైన కొత్తలో అత్తగారు చెప్పింది, ఆమె నమ్మింది. అలా నిలబడి ఉండగానే అతను గుమ్మంలోంచి తొంగి చూశాడు.

"శుభ్రంగా ఒలిచావా? ఓనరమ్మ ముందు ఒక్క పెంకు ముక్క కనబడినా బాగుండదు."

ఆమె అతని మొహంలోకి చూసింది. కాగితం చదవలేదు. పొయ్యి దగ్గరికి రొయ్య ఎప్పుడూ ఒలిచే వస్తుంది కాబట్టి, పెంకు అనేది అతని లెక్కలో చెత్తే.

"ఒక్కటి కూడా ఉండదండీ" అని దోసిట్లోవి బస్తాలో వేసి మూతి కట్టింది.

పదకొండున్నరకి ఓనరమ్మ చెంచా కింద పెట్టింది. వెనకగది గుమ్మం దగ్గరికి అంతా వినిపిస్తోంది.

"రంగు నీళ్ళు మాస్టర్."

"కాస్త క్రీమ్ పడితే సరిపోతుందమ్మా."

"క్రీమ్ పోస్తే ఇక కనిపెట్టిందేముంది? ఏదీ, ఆ కాగితం ఇటివ్వండి." కాగితం మడత విప్పిన చప్పుడు. "పెంకులు అని రాసి ఉంది. ఏవీ?"

"ఏయ్, పెంకులు తే" అని అతను వెనక్కి తిరిగి కేకేశాడు.

ఆమె గుమ్మంలోకి వచ్చింది. "పదింటికే బండెక్కాయండీ."

ఓనరమ్మ కాగితాన్నీ ఆమెనీ మార్చి మార్చి చూసింది. "ఇది నీ రాతేనా?"

ఆయన చెప్తే రాశానండీ. ఆ జవాబు ఏళ్ళుగా నోట్లో సిద్ధంగా ఉన్నదే, నాలుక చివరిదాకా వచ్చింది కూడా. భర్త కళ్ళు దాన్నే అడుగుతున్నాయి.

"రాత నాదే, సూప్ నాదే" అంది. "నలభై రెండు రోజులు ఆయనకి తెలియకుండా పెట్టాను. ఇప్పుడూ చేస్తాను, గంట పడుతుంది."

"పెంకులు లేవంటున్నావుగా?"

"ఐసు పెట్టెలో రెండు కిలోల రొయ్యలున్నాయమ్మా. ఒలవాలి."

ఆమె తడిసిన రబ్బరు ఆప్రాన్ విప్పి, భర్త చేతిలో పెట్టి, పొయ్యి వైపు నడిచింది.

"పీట వెనకగదిలో ఉంది. కూర్చుని చేసే పనే, గుండెకి శ్రమ ఉండదు. పెంకులూ తలలూ మాత్రం పారెయ్యకండి."