టోపీ కింద తీతువు గుడ్డు

గుడ్డు అనగానే హిల్కెకు నవ్వాగలేదు. చేతులకు బేడీలున్నాయి, ఎదురుగా మండలి అధ్యక్షురాలు కూర్చుని ఉంది, వీపు వెనక తుపాకీ పట్టుకుని భటుడున్నాడు. అయినా నవ్వాడు. దొంగచాటుగా కాఫీగింజలూ పొగాకూ అమ్మినందుకు ఉరి తీస్తారేమోనని బిక్కుబిక్కుమంటూ వచ్చిన మనిషిని తీతువు పిట్ట గుడ్డు తెమ్మంటే ఎవడికి మాత్రం నవ్వు రాదు?

ఆవిడ నవ్వలేదు. సముద్రం గట్లు తెంచుకుని ఫ్రీస్‌లాండ్ పల్లపు నేలలన్నీ ఉప్పుపాలయ్యాక, మిగిలిన జనమంతా ఈ గోడల నగరంలో ఇరుక్కుని బతుకుతున్నారు. రేషన్ క్యూలలో గొణుగుడు ముదిరింది. పూర్వం ఏటా వసంతంలో మొదటి తీతువు గుడ్డు దొరికినవాడు దాన్ని తెచ్చి పెద్దలకు కానుకిచ్చేవాడు, ఆ రోజు ఊరంతా సంబరమే. ఈ ఏడు ఆ గుడ్డు తన చేతిలో కనబడితే నేల మళ్ళీ బతుకుతోందని జనం నమ్ముతారని ఆవిడ ఎత్తు. నేల బతికితే నాకేం, చస్తే నాకేం అన్నాడు హిల్కె. అప్పుడావిడ డౌవె పేరెత్తింది.

డౌవె హిల్కెకు అన్న. మండలి వాళ్ళు ఉప్పు మడుల్లో వెట్టికి తోశారు. దగ్గితే నెత్తురు పడుతోంది, ఇంకో చలికాలం దాటడని అక్కడివాళ్ళే చెప్పుకుంటున్నారు. గుడ్డు తెస్తే డౌవెను వదిలేస్తారు, తేకపోతే లేదు. హిల్కె నవ్వు అక్కడితో సరి.

సైనికుల్ని పంపొచ్చు కదా అంటారా? పంపారు, తిరిగి రాలేదు. ఆ నేలకు కాపలాగా వదిలిన డ్రోన్లు, వదిలినవాళ్ళ మాటే వినడం మానేసి ఏళ్ళయింది. వంతెన మీద, బాట మీద, పడవలో ఏది కదిలినా కాల్చేస్తాయి. ఇక మిగిలింది రెల్లు దుబ్బుల చాటున కాలవలు దూకుతూ పోవడమే. పొడవాటి గడను కాలవ నడుమ పాతి, పరుగున వచ్చి పట్టుకుని, అది అవతలికి ఒరిగేలోపు పైకి పాకి గట్టు మీదికి దూకాలి. మా వైపు పిల్లలకు నడకా గడ దూకుడూ ఒకేసారి వచ్చేవి. హిల్కె అయితే ఒకప్పుడు పోటీల్లో కప్పులు గెలిచినవాడు. ఇప్పుడు నడుం పట్టేసింది, పొట్టా వచ్చింది. పొద్దున్నే మొదటి కాలవ దూకేసరికి తలప్రాణం తోకకొచ్చింది.

కానీ రెండోది దూకాడు, మూడోది దూకాడు. ఒళ్ళు తనంతట తానే గుర్తు తెచ్చుకుంటోంది. తడి బురద వాసన ముక్కుకు తగలగానే అమ్మ చేసే చక్కెర రొట్టె గుర్తొచ్చింది, దాని మీద వేలెడు మందాన వెన్న, ఫ్లాస్కు మూతలో పోసుకుని అన్నా తనూ వంతులేసుకు తాగిన కాఫీ. నాన్న గట్టు మీద వెల్లకిలా పడుకుని, నోట్లో గడ్డిపోచ పెట్టుకుని పిట్టల్నే చూసేవాడు. ఏ పిట్ట ఊరికే ఎగురుతోందో, ఏది గూటి మీంచి లేచిందో చెప్పేసేవాడు. అంత సుఖం మళ్ళీ హిల్కె ఎరగడు. ఎక్కడికి పోయాయిరా ఆ రోజులు అని పైకే అనేశాడు.

చిన్నప్పటి ఇంటి దగ్గరికి చేరేసరికి ఇల్లు లేదు, పొగగొట్టం ఒక్కటే నిలబడి ఉంది. దాని అవతల పొలంలో ఒక తీతువు లేచి, కూత పెడుతూ అతని నెత్తి మీద పల్టీలు కొట్టింది. నాన్న చెప్పినట్టే అది లేచిన చోటు చూసుకుని, అటే నడిచాడు. గడ్డిలో గుంట, గుంటలో నాలుగు గుడ్లు.

గుడ్డు తీసేముందు కాలవ నీళ్ళలో వేసి చూడాలి. అడుగున పడుకుంటే తాజాది, తీసుకోవచ్చు. పైకి లేస్తే లోపల పిల్ల కట్టిందన్నమాట, తుడిచి గూట్లో పెట్టేయాలి. తాగుబోతైనా దొంగైనా సరే, మా వైపు ఎవడూ ఈ మాట దాటలేదు. హిల్కె నాలుగూ వేసి చూశాడు. నాలుగూ తేలాయి.

అతను చాలాసేపు అక్కడే కూర్చున్నాడు. ఇంకో గూడు వెతికే ఓపికా లేదు, ఇంకోటి ఉంటుందన్న నమ్మకమూ లేదు. తల్లిపిట్ట ఏడుస్తూనే ఉంది. చివరికి మూడు గుడ్లు గూట్లో పెట్టి, నాలుగోదాన్ని టోపీ కింద నెత్తి మీద పెట్టుకున్నాడు. అది వెచ్చగా ఉంది. తనను తాను అంతగా అసహ్యించుకున్న రోజు అతనికి ఇంకోటి లేదు.

తిరుగుదారిలో, గడ మీద నడిమధ్యన ఉండగా డ్రోన్ చూసింది. తూటాకు గడ విరిగింది, హిల్కె నీళ్ళలో పడ్డాడు. మెడదాకా మునిగి, టోపీ మాత్రం తడవకుండా రెల్లులో ఊపిరి బిగబట్టాడు. భుజం నుంచి నెత్తురు కారుతోంది. విసుగెత్తి అది వెళ్ళిపోయేదాకా కదల్లేదు, మిగిలిన కాలవలు చీకట్లో ఈదుకుంటూ దాటాడు.

మర్నాడు చౌకులో బ్యాండు మోగింది. అధ్యక్షురాలు గుడ్డు పైకెత్తి చూపగానే ముసలివాళ్ళు టోపీలు తీసి భోరుమన్నారు. హిల్కె అదేదీ చూడకుండా ఉప్పు మడుల గేటు దగ్గర నిలబడ్డాడు. డౌవె చిక్కి సగమై బయటికొచ్చాడు. తమ్ముణ్ణి కావలించుకుని, ఎక్కడ దొరికిందని అడిగాడు. మన పొలంలోనే అన్నాడు హిల్కె.

"నీళ్ళలో వేసి చూశావా?"

అబద్ధాలు అమ్ముకుని బతికినవాడికి ఆ పూట ఒక్కటీ రాలేదు. "తేలింది అన్నయ్యా. అన్నీ తేలాయి. నువ్వు చచ్చిపోతావన్నారు."

ఈలోగా గేటు మీది మైకులో అధ్యక్షురాలి గొంతు వినిపించింది. గుడ్డు తెచ్చిన ప్రతివాడికీ ఉప్పు మడుల్లోంచి ఒక మనిషిని వదులుతారట. చౌకులోంచి హోరు లేచింది.

"ఈ ఊళ్ళో ఉప్పు మడికి మనిషిని ఇవ్వని ఇల్లేదిరా? అందరూ బయల్దేరతారు. తప్పని ఎలా అంటాం, నువ్వు చేసిందే వాళ్ళూ చేస్తారు. పద, ఆ మిగతా గుడ్లు ఎక్కడున్నాయో చూపించు. అవి పగిలి పిట్టపిల్లలు నడిచేదాకా కావలి కాస్తే చాలు," అన్నాడు డౌవె.

"మతి పోయిందా నీకు? ఈ దగ్గుతోనా? వెళ్తే తిరిగి రావు. నిన్ను బతికించుకుందామనే కదా నేను ఆ పాపం చేసింది."

"గుడ్లు ఏరడానికి మనిద్దరం ఎగబడేవాళ్ళం. సీజను అయిపోయాక నాన్న ఒక్కడే గూళ్ళ పక్కన గుర్తుగా పుల్లలు పాతుకుంటూ, వాటిని తొక్కొద్దని గడ్డి కోసేవాళ్ళని బతిమాలుకుంటూ తిరిగేవాడు. ఒక్కనాడైనా తోడు వెళ్ళామట్రా?"

వెళ్ళలేదు. అందులో కప్పులూ లేవు, చప్పట్లూ లేవు.

డౌవె దగ్గుకుంటూ పల్లపు నేల వైపు నడిచాడు. హిల్కె అన్ననూ మండలినీ ఆ పిట్టనూ కలిపి తిట్టుకుంటూ వెనకే నడిచాడు. కాసేపటికి తిట్లు ఆగిపోయాయి. ఇన్నేళ్ళకు అన్నతో కలిసి ఇంటివైపు నడుస్తున్నానని తోచి అతనికి ఏడుపొచ్చింది.