గీకేసిన పదకొండు పాదాలు

పండుగ గ్రంథం ఒక పుటలో పదకొండు పద్యపాదాలను ఎవరో కత్తితో గీకేసి ఉండడం తెల్లవారగానే ఇంబెర్ కంటపడింది.

మఠంలో పుస్తకాల బాధ్యత అతనిదే. ఇవాళ పునీత రోడ్వీనా పండుగ; మధ్యాహ్నం భోజనాల వేళ, బిషప్‌గారి ఎదుట, ఆమె జీవితాన్ని ఈ గ్రంథంలోంచి తొలిసారి చదవాలి. తోటి సన్యాసి ఫుల్కో ఏడేళ్లు కూర్చుని లాటిన్ పద్యాల్లో కట్టిన కథ అది. ఖాళీ పూడకపోతే మఠాధిపతి దాన్ని పక్కన పడేసి ఏదో పాత వచన ప్రసంగమే చదివిస్తాడు.

పోయినవి ఆషామాషీ పాదాలు కావు. ఆరేళ్ల రోడ్వీనాను మఠానికి అప్పగించి వెళ్తూ తల్లి మూడుసార్లు వెనక్కి తిరిగి చూసే ఘట్టం. ఇంబెర్‌నూ ఆరేళ్లకే మఠానికి ఇచ్చేశారు. అది చదివిన ప్రతిసారీ అతను మళ్లీ మొదటి నుంచి చదివేవాడు.

తిన్నగా వంటశాలకు నడిచాడు. వంట చూసే గోజ్లిన్ చేపలు తోముతున్నాడు.

"పద్యాలంటే నీకు గిట్టదుగా. నీ పనేనా?"

"నాదెందుకవుతుందన్నా! ఫుల్కో పద్యం మొదలెడితే చాలు, హాయిగా కునుకు పడుతుంది నాకు. అంత సుఖాన్ని నేనెందుకు చెడగొట్టుకుంటా?"

ఇంబెర్ వెనక్కి వచ్చి పుటను కిటికీ వెలుగులో పట్టి చూశాడు. పగవాడైతే చింపేసేవాడు. ఇక్కడ తోలు పుట ఎక్కడా చిరగలేదు. గరుకురాయితో నున్నగా రుద్ది, రాతకు కొత్త గీతలు కూడా గీసిపెట్టారు. ఆ పుట మీద ప్రేమ ఉన్నవాడి పని ఇది.

ఫుల్కో మఠం గుమ్మం దగ్గర అరుగు మీద ఉన్నాడు. అంగీ చేతికి, పుట రుద్దిన తెల్లటి పొడి.

"ఎందుకిలా చేశావు తమ్ముడూ?"

"దేవుడికి అర్పించిన గ్రంథం మీద చెయ్యి వెయ్యడం తప్పే. నేనే గీకానన్నా. రోడ్వీనావి మన దగ్గరున్నవి ఎముకలూ, పేరూ, అంతే. తల్లెవరో తెలీదు. అందుకే మా అమ్మను పెట్టాను. పిల్లల్ని అర్పించే ఆచారం ప్రకారం బలిపీఠం గుడ్డ నా చేతికి చుట్టి, నన్ను మఠానికిచ్చేసి, ఈ గుమ్మం దాటిపోయింది. పద్యంలో మూడుసార్లు తిరిగింది గానీ, నిజంగా ఒక్కసారీ తిరగలేదు. నిన్న సాయంత్రం చదువుకుంటుంటే, తిరిగినట్టే గుర్తొచ్చిందన్నా! భయమేసింది. తడిసిన శాలువా, మడమలకు బురద... ఆ వీపొక్కటే నాకు మిగిలిన అమ్మ. దాన్నీ పోగొట్టుకోలేక గీకేశాను. కలం తీసుకో. తిరగకుండా వెళ్లిపోయిన అమ్మ మీద పదకొండు పాదాలు చెబుతాను."