బురుజు వెనకవైపు

పెళ్ళైన ఇరవై మూడో రోజున మేం ముగ్గురం ఒకరోజు యాత్రకి బయల్దేరాం. ముగ్గురం అంటే నేనూ, మా ఆయనా, మా మామగారూ. ‘మా ఆయన’ అనే మాట నాకింకా కొత్త చెప్పుల్లా కిర్రుమంటోంది. అందుకే అవసరం ఉన్నా లేకపోయినా తొడుక్కుని తిరుగుతున్నాను.

అత్తగారు మోకాళ్ళ నొప్పులని ఇంట్లోనే ఉండిపోయారు. గుమ్మం దగ్గర కొడుకుతో, “మీ నాన్నని మరీ మాట్లాడనివ్వకురా, ఆ గైడ్ ఉద్యోగం ఊడుతుంది” అన్నారు. మా ఆయన పగలబడి నవ్వాడు. మామగారు మాత్రం వంగి చెప్పుల పట్టీ బిగించుకుంటూ ఉండిపోయారు. చాలాసేపు బిగించుకున్నారు.

స్టేషన్లో పసుపుపచ్చ గొడుగు ఎత్తి పట్టుకుని గైడ్ నిలబడి ఉంది. మెళ్ళో ఈల, గొంతులో చిన్న బొంగురు. అందరి బట్టలకీ గుండ్రటి పసుపు బిళ్ళలు తగిలించి, చూపుడు వేలు ఆడిస్తూ లెక్కపెట్టింది. ఇరవై రెండు మందిమి. “సాయంత్రం నాలుగూ యాభై రైలెక్కేటప్పుడు కూడా ఇరవై రెండే ఉండాలి. ఒకరు తగ్గినా ఒప్పుకోను, ఒకరు పెరిగినా ఒప్పుకోను” అంది. నా బిళ్ళ వంకరగా ఉందని మా ఆయన సరిచేశాడు. అది వంకరగా లేదు. ఆ సంగతి నేను చెప్పలేదు.

నాకు కిటికీ సీటు దొరికింది. ఎదురు సీట్లో ఒక పెద్దావిడ లావుపాటి నోట్‌బుక్కు తెరిచి కూర్చుంది. రైలు కదిలిన టైం రాసుకుంది, ఇంజను రంగు రాసుకుంది, తర్వాత మా ముగ్గుర్నీ చూసింది.

“కొత్తగా పెళ్ళైనట్టుందే?”

“అవునండీ, ఇరవై మూడు రోజులు.”

“మరి మధ్యలో ఈయనెవరు?”

“మా మామగారండీ.”

“అయ్యో పాపం” అందావిడ. మా ముగ్గుర్లో ఎవర్ని అందో తెలీలేదు.

నిజానికి ఈ యాత్ర మామగారి కోసమే. ఆయన ముప్పై ఒక్కేళ్ళు ఇదే లైన్లో గార్డుగా చేశారు. రైలు చివరి పెట్టెలో నిలబడి ఆకుపచ్చ జెండా ఊపే ఉద్యోగం. రెండేళ్ళ కిందట రిటైరయ్యారు. డ్యూటీ నుంచి వచ్చిన ప్రతి సాయంత్రం ఆ పాత నగరం కబుర్లు కొడుక్కి చెప్పేవారట. కోటలో ఒక పన్ను లేని రాతి సింహం ఉందనీ, బురుజుకి తొంభై తొమ్మిది మెట్లనీ, రాజుగారి స్నానాల గదిలో ఈ మూల గుసగుసలాడితే ఆ మూల వినిపిస్తుందనీ. తొమ్మిదేళ్ళప్పుడు మా ఆయన ఆ కబుర్లన్నీ కలిపి రంగు పెన్సిళ్ళతో ఒక పటం గీశాడు. ఇప్పుడు ఇళ్ళ ప్లాన్లు గీసే ఆఫీసులో పనిచేస్తున్నాడంటే ఆ పటం పుణ్యమే అంటాడు. పెళ్ళైన మూడో రోజున, నగలపెట్టె చూపించినంత జాగ్రత్తగా నాకు చూపించాడు. మడతల దగ్గర చిరిగితే టేపు అంటించాడు. ఇవాళ అది జేబులోనే ఉంది. పటంలోవన్నీ ఒక్కొక్కటే నాన్న చేత చూపించుకోవాలని ముచ్చట.

మా ఆయన టీ తేవడానికి లేవగానే మామగారు నావైపు వంగారు.

“అమ్మాయ్, నీకో మాట చెప్పాలి. వాడొచ్చేలోపే చెప్పాలి.”

“చెప్పండి మామయ్యా.”

“ఆ ఊళ్ళో నేనెప్పుడూ అడుగు పెట్టలేదు.”

నాకు అర్థం కాలేదు. ఆయన గొంతు ఇంకా తగ్గించారు. “మూడూ ఐదుకి బండి ఆగేది, మూడూ నలభై ఐదుకి కదిలేది. ఆ నలభై నిమిషాల్లో బ్రేకులు చూసుకోవాలి, పార్సిళ్ళు దింపించాలి, సంతకాలు పెట్టాలి, తెచ్చుకున్న డబ్బా తినాలి. బండి వదిలి గేటు దాటడానికి లేదు. సెలవు రోజున మళ్ళీ రైలెక్కాలంటే విసుగు.”

“మరి సింహం?”

“లేదు.”

“తొంభై తొమ్మిది మెట్లు?”

“లేవు. ఉన్నాయేమో, నాకేం తెలుసు?”

నవ్వు వచ్చింది కానీ ఆయన మొహం చూసి మింగేశాను.

“వాడికి ఐదేళ్ళు. నేనొచ్చేసరికి గుమ్మంలో కూర్చుని ‘ఏం చూశావు నాన్నా’ అనేవాడు. మొదటిరోజు ‘స్టేషను చూశాన్రా’ అన్నాను. ఆ మొహం చూడలేకపోయాను తల్లీ. రెండోరోజుకి సింహం వచ్చేసింది. తర్వాత ఆగలేదు. తీసుకెళ్ళమన్నప్పుడల్లా పట్టాలు మరమ్మతనో, నాకు జ్వరమనో తప్పించుకున్నాను. ఇవాళ తప్పించుకోవడానికి దారి లేదు. నలుగుర్లో నిలబెట్టి చూపించమంటాడు. వాడి ముందూ, కొత్తగా వచ్చిన నీ ముందూ అబద్ధాలకోరులా నిలబడాలి. ఆ కాయితం ఎలాగైనా తీసుకుని నీ సంచీలో దాచెయ్, పుణ్యముంటుంది.”

మా ఆయన మూడు టీలు బొట్టు ఒలకకుండా తెచ్చాడు. “ఏమండీ, ఆ పటం జేబులో నలిగిపోతుంది, ఇలా ఇవ్వండి” అన్నాను. మేమిద్దరమే ఉంటే ‘నువ్వు’, మామగారి ముందు ‘మీరు’. ఆ ‘మీరు’ వినగానే ముద్దొచ్చి కాబోలు వెంటనే ఇచ్చేశాడు. ఇరవై మూడు రోజుల్లో నేను చేసిన మొదటి మోసం. సంచీలో దుప్పట్టా కిందకి తోసేశాను కానీ టీ రుచి తెలీలేదు.

పదీ ఇరవైకి దిగాం. గైడ్ ఈల ఊది, గొడుగెత్తి, స్టేషను చుట్టూ తిప్పి ముందు దర్వాజా గుండా మమ్మల్ని నగరంలోకి తీసుకెళ్ళింది. ఎంత బాగుందో! రెండు వైపులా పొడుగాటి రాతిగోడలు, మధ్యలో ఇద్దరు పక్కపక్కన నడవలేని సందులు. నడవలేకపోయినా మేం నడిచాం. మామగారు తల తిప్పినప్పుడల్లా మా ఆయన చిటికెన వేలు నా వేలికి తగులుకునేది. మేడ మీద ఎవరో తడిబట్ట దులిపితే మొహం మీద నాలుగు చుక్కలు పడ్డాయి. దానికి కూడా నవ్వాం.

కోట లోపలికి రాగానే మా ఆయన ఆగలేకపోయాడు. “మేడమ్, సింహం ఎటువైపండీ?”

“సింహమా? పద్నాలుగేళ్ళుగా ఈ వీధులు తిప్పుతున్నాను. ఏనుగులు రెండున్నాయి. సింహం లేదు.”

“లోపలెక్కడో ఉంటుందిలెండి. మా నాన్నకి తెలుసు.”

మామగారు ఏనుగుల వైపు చాలా శ్రద్ధగా చూశారు.

భోజనాలయ్యాక బురుజెక్కాం. మా ఆయన గట్టిగా లెక్కపెడుతూ ఎక్కాడు. అరవై రెండు దగ్గర మెట్లయిపోయాయి. “నాన్నా, తొంభై తొమ్మిదన్నావుగా?”

“కొన్ని పూడిపోయి ఉంటాయిలేరా.”

“పూడిపోయాయని రాసుకోనా?” అంది నోట్‌బుక్కావిడ పెన్ను ఎత్తి.

“వద్దులెండి” అన్నారు మామగారు నీరసంగా.

మూడు గంటలకి దిగి బురుజు ముందు నిలబడ్డాం. బురుజు నెత్తిన నాలుగు మొహాల గడియారం ఉంది. గైడ్ గొంతు పూర్తిగా పోయింది. మాట మధ్యలో దగ్గుతోంది. మా ఆయన ముందుకొచ్చాడు. “మా నాన్నగారు ఈ రైలుకి ముప్పై ఒక్కేళ్ళు గార్డు. ఈ ఊళ్ళో ఆయనకి తెలియని ఇటుక లేదు. ఒక్క ఐదు నిమిషాలు ఆయన్ని చెప్పనివ్వండి.”

“రండి సార్, నేనూ కాసిని నీళ్ళు తాగుతాను” అంది గైడ్ సంబరంగా.

పసుపు బిళ్ళలన్నీ మామగారి వైపు తిరిగాయి. మా ఆయన నా ముందు చెయ్యి చాపాడు. “పటం ఇవ్వు.” ఇంక ఏం చేయను? ఇచ్చాను. దాన్ని తండ్రి చేతుల్లో విప్పి పెట్టి, “ఇక్కణ్ణుంచి మొదలుపెట్టు నాన్నా” అన్నాడు. తొమ్మిదేళ్ళ పిల్లాడి మొహం అప్పుడెలా ఉండేదో నాకు ఆ క్షణంలో కనిపించింది.

మామగారు పటం వైపు చూశారు. తర్వాత కొడుకు వైపు చూశారు.

“ఇందులో ఉన్నదేదీ నేను చూళ్ళేదురా” అన్నారు. “స్టేషను గేటు దాటి రావడం ఇవాళే మొదలు. అన్నీ కల్పించి చెప్పాను.”

మా ఆయన ముందు నవ్వాడు. తండ్రి నవ్వకపోయేసరికి ఆపేశాడు. పటం మడతపెట్టి జేబులో పెట్టుకుని, దూరంగా ఒక రాతిదిమ్మె మీద అటు తిరిగి కూర్చున్నాడు. నోట్‌బుక్కావిడ చప్పుడు కాకుండా నోట్‌బుక్కు మూసింది. ఏం చేయాలో తోచక గైడ్ మమ్మల్ని మళ్ళీ లెక్కపెట్టింది.

నేను వెళ్ళి మా ఆయన పక్కన కూర్చున్నాను.

“నీకు తెలుసా?”

“రైల్లో చెప్పారు.”

“అందుకా పటం దాచావు?”

“అందుకే. తప్పే.”

“ఆఫీసులో ప్రతి ప్లానులో మెట్లు గీసేటప్పుడు ఆ తొంభై తొమ్మిదీ గుర్తొచ్చేవి నాకు. లేని మెట్లు.” గడ్డిపరక తుంచి పారేశాడు. “నిజం చెప్తే నేను కాదన్నానా?”

“మొదటిరోజు చెప్పారట. స్టేషను చూశానని.”

“నాకు గుర్తులేదు.”

“సింహం వచ్చాక నిజంగా ఏం చూశావని ఆయన్నెవరూ అడగలేదు.”

సరే, నేనే అడుగుదామనిపించింది. లేచి మామగారి దగ్గరకి వెళ్ళి, అందరికీ వినపడేలాగే అడిగాను. “మామయ్యా, మరి మీరు నిజంగా చూసిందేమిటి?”

ఆయన తలెత్తి బురుజు వైపు చూసి, “వెనకవైపు” అన్నారు. “ముందువైపు ఇలా ఉంటుందని ఇవాళే తెలిసింది. వెనకవైపు మాత్రం స్టేషన్లోకి కనపడుతుంది.”

“అటు బస్సులు కడిగే చోటండీ, ఖాళీ పెట్టెలూ బురదా” అంది గైడ్. “నేనెవర్నీ తీసుకెళ్ళను.” తర్వాత వాచీ చూసుకుని, ఈల అందుకుంది. “సరే పదండి. ఇరవై రెండు మందీ రావాలి.” ‘ఇరవై రెండు మందీ’ అన్న మాట రాతిదిమ్మె వైపు తిరిగి అంది. మా ఆయన లేచి అందరి వెనకాల నడిచాడు.

వెనకవైపు నిజంగానే బురదే. పిట్టగోడ, దాని అవతల పట్టాలు, ఆగి ఉన్న రైలు, ప్లాట్‌ఫారం. నీడలో ఒకాయన చెప్పులు కుడుతూ కూర్చున్నాడు. మామగారు బురుజు కింద నిలబడి, నిబ్బరంగా వేలెత్తారు. ఆయన గొంతు అంత గట్టిగా ఉంటుందని నాకు తెలీదు.

“పైనుంచి పదకొండో వరుస చూడండి. ఇటుకలు మిగతా వాటికన్నా ఎర్రగా ఉన్నాయి. మావాడు మూడో క్లాసులో ఉండగా పిడుగు పడి ఊడిపోతే మళ్ళీ కట్టారు. అయిదు నెలలు గోడకి సారవ కర్రలుండేవి. నలుగురు తాపీమేస్త్రీలు ఆ కర్రల మీద వరసగా కూర్చుని అన్నం తినేవాళ్ళు. కింద నేనూ అప్పుడే డబ్బా విప్పేవాణ్ణి. ఒకడు రోజూ ముద్ద చూపించి రమ్మని పిలిచేవాడు. అదిగో, ఆ కన్నంలో పావురాలు ఏటా పిల్లల్ని పెట్టేవి. ఇక గడియారం. ఇటువైపు మొహంలో పెద్ద ముల్లు సరిగ్గా మూడున్నర దగ్గర ఆగిపోతుంది. ఒక నిమిషం కదలదు. తర్వాత రెండు నిమిషాలూ ఒక్క గెంతులో దాటుతుంది. ఇంకో రెండు నిమిషాల్లో చూస్తారు.”

అందరం మెడలు వెనక్కి వాల్చి నిలబడ్డాం. మా ఆయన కూడా. మూడున్నరైంది. ముల్లు ఆగలేదు. బుద్ధిగా మూడూ ముప్పై ఒకటికి జరిగింది, తర్వాత ముప్పై రెండుకి.

మామగారి వేలు మెల్లగా కిందకి దిగింది. నాకు ఏడుపొచ్చినంత పనైంది.

“పోయినేడు దాకా అలాగే చేసేదండీ” అన్నాడు చెప్పులు కుట్టే ఆయన, తల ఎత్తకుండానే. “ఎవరో వచ్చి బాగుచేసి పాడుచేశారు. అప్పట్నుంచి దానికి సరదా పోయింది.” దారం పళ్ళతో తెంపి అప్పుడు చూశాడు. “మీరెక్కణ్ణుంచి చూసేవారు?”

“రెండో నంబరు ప్లాట్‌ఫారం నుంచి. గార్డు పెట్టె దగ్గర్నుంచి.”

“ఓహో, మూడూ నలభై ఐదు బండా? ఆకుపచ్చ జెండా మీదేనా? గోడ మీదుగా జెండా ఒక్కటే కనపడేది. అది ఊగిందంటే నేను టీకి లేచేవాణ్ణి. ఈమధ్య వేరే ఎవరో ఊపుతున్నారు. బాగోదు. మీది పెద్ద ఊపు.”

మామగారు పిట్టగోడ మీదుగా రెండో నంబరు వైపు చూశారు. మా ఆయన జేబులోంచి పటం తీసి విప్పాడు. సింహమూ మెట్లూ దాటి వేలు కింది మూలకి పోయింది. అక్కడ చిన్న పెట్టె, దాని మీద నిలబడ్డ గీతల మనిషి, మనిషికన్నా పెద్ద ఆకుపచ్చ జెండా.

“ఇది నువ్వు చెప్తే గీసింది కాదు నాన్నా” అన్నాడు. “అమ్మ నన్ను మన ఊరి స్టేషనుకి తీసుకెళ్ళినప్పుడు నిన్ను చూసి గీశాను.”

నాలుగూ యాభై రైలెక్కేముందు గైడ్ లెక్కపెట్టింది. ఇరవై రెండు. ఇక మీదట వెనకవైపు కూడా చూపిస్తానని బొంగురు గొంతుతో మామగారికి చెప్పింది. నోట్‌బుక్కావిడ ఎర్ర ఇటుకల వరుస నంబరు ఇంకోసారి అడిగి రాసుకుంది.

కిటికీ సీటు నేను మామగారికి ఇచ్చేశాను. కొత్త కోడలిని కదా, ఆ మాత్రం త్యాగం చేయాలి. పైగా అటు జరిగితే మా ఆయన పక్కనే ఇరుక్కుని కూర్చోవచ్చు. తను పటాన్ని తిరగేసి, నా నోట్లో బిస్కట్టు పెట్టి, నోట్‌బుక్కావిడ దగ్గర అడిగి తెచ్చుకున్న పెన్సిలుతో ఖాళీవైపు బురుజు గీయడం మొదలుపెట్టాడు. రైలు ఊగుతుంటే గీతలు వంకర పోతున్నాయి.

“పావురాల కన్నం పదకొండో వరుసకి పైనా, కిందా?”

“కింద. రెండు వరుసలు కింద, ఎడంవైపు.”

“తాపీమేస్త్రీలు నలుగురేనా?”

“నలుగురే. ఒకడు బట్టతల.”

బట్టతల గీశాడు. కాసేపటికి నాకు ఉండబట్టలేదు. “మామయ్యా, ఇంతకీ సింహానికి పన్నెందుకు పోయింది?”

ఆయన భయంగా కొడుకు వైపు చూశారు. మా ఆయన కాయితం మీంచి తల ఎత్తలేదు.

“చెప్పు నాన్నా” అన్నాడు. “కానీ కొత్తది చెప్పాలి. పాతవన్నీ నాకు తెలుసు.”

మామగారు గొంతు సవరించుకున్నారు. నోట్‌బుక్కావిడ కొత్త పేజీ తిప్పింది.