కడగని స్ప్రేయర్

"మీ వడమాలపేట తోటలో కలుపుమందు కొట్టిన స్ప్రేయర్‌ను కడక్కుండా నా చేతికిచ్చినారు గదా సామీ!"

తోటమాలి ఏబెల్ గడ్డి వైపు చెయ్యి చూపించాడు. వారం కిందట అతను దాంతోనే తిరుపతిలోని యజమాని ఇంటి లాన్‌కు యూరియా నీళ్ళు కొట్టాడు. తెగులైతే గడ్డిలో గుండ్రటి మచ్చలు పడేవి. ఇప్పుడు అతను నడిచిన వరసనే పసుపు చారలు తేలాయి.

"తెగులేలే అబ్బా, ఇంకో మందు కొట్టు," అని నవ్వాడు యజమాని ధనశేఖర్.

ఆ చారల మీదే పాకుతూ ఆయన మనవరాలు, ఏడాది పిల్ల లోహిత, గడ్డి పీకి నోట్లో పెట్టుకుంది. ఏబెల్ యజమాని మీద అరిచాడు. మందు కొట్టింది తనే.

"నవ్వింది సాలు! బిడ్డను ఎత్తుకోండి. నోరు కడిగి ఆస్పత్రికి తీసకపోండి, కలుపుమందు సీసా డాక్టరుకు సూపించండి. ఆ మట్టినంతా నేను తవ్వి తీసేస్తా. తోట స్ప్రేయర్ ఇంక ఈ గేటు దాటి లోపలికి రాకూడదు!"