పిడి కింద గీసినవాడు

సన్నీవేల్‌లో తెలుగు క్రైస్తవ సహవాసం ప్రతి ఆదివారం ఎవరో ఒకరి అపార్ట్‌మెంట్‌లో కూడేది. ప్రార్థన అయ్యాక భోజనం, భోజనం దగ్గర ప్రేమజ్యోతి మీద హాస్యం. మొదలుపెట్టేది బయటివాళ్ళు కాదు, సాక్షాత్తూ కట్టుకున్న మొగుడు జోసఫ్. ఆయన చిప్పులు చేసే కంపెనీలో ఇంజినీరు. "అందరూ కంప్యూటర్ కోర్సులు చేస్తుంటే మా ఆవిడ పగిలిన కుండల మీద పీహెచ్‌డీ చేస్తోందండీ. మా ఇంట్లో కూరగిన్నె పగిలినా బెంగ లేదు, థీసిస్‌లో చాప్టర్ అయిపోతుంది" అనేవాడు. అందరూ పొట్టలు పట్టుకుని నవ్వేవారు. ప్రేమజ్యోతి కూడా నవ్వేది. పంతొమ్మిది వందల ఎనభై మూడు వసంతం వచ్చేసరికి మాత్రం ఆ నవ్వు మొహానికి అతికించినట్టుండేది. ఆ పీహెచ్‌డీ కాస్తా మునిగిపోయేలా ఉంది మరి.

పాపం, జోసఫ్ కుండలు అంటున్నాడు గానీ అవి ఆషామాషీ కుండలు కావు. రెండున్నర వేల ఏళ్ళ నాటి గ్రీకు జాడీలు. ఎర్రమట్టి మీద నల్లటి బొమ్మలు. ముందు కుంచెతో మనిషినో గుర్రాన్నో నీడలాగా నల్లగా నింపుతారు. తరవాత సూదిలాంటి మొనతో ఆ నలుపుని సన్నగా గీరి, కళ్ళూ చెవులూ మోకాళ్ళూ తీస్తారు. అప్పుడు బట్టీలో కాలుస్తారు. అంత పనీ చేసి, చాలామంది పేరైనా రాసుకోకుండా పోయారు మహానుభావులు! అయితేనేం, చెవి గీసిన తీరులో ఒకడు దొరుకుతాడు, మోకాలు గీసిన తీరులో ఇంకొకడు దొరుకుతాడు. ఆ తీరు పట్టుకుని మనిషిని గుర్తుపట్టడమే ప్రేమజ్యోతి చదువు.

ఆవిడ పట్టుకున్న జాడీలు ఏథెన్సులో ఒకే పనిశాలవి. వాటి మీద ముప్ఫై ఏళ్ళ కిందటే ప్రొఫెసర్ హార్లో ఒక మాట తేల్చి చెప్పింది. హార్లో అంటే ప్రేమజ్యోతి గైడు. సన్నగా, నిటారుగా ఉండే పెద్దావిడ, మాట తూకం వేసినట్టుంటుంది. ఆ జాడీల మీద కుంచె పట్టినవాడు వేరు, సూది పట్టినవాడు వేరు అని ఆవిడ సిద్ధాంతం. కారణం కూడా గట్టిదే. కుడిచేతివాడు వరసగా గీతలు గీస్తే అవి ఒక పక్కకి ఒరుగుతాయి, ఎడమచేతివాడివి రెండో పక్కకి ఒరుగుతాయి. ఈ జాడీల మీద కుంచె గీతలన్నీ కుడిచేతివి, సూది గీతలన్నీ ఎడమచేతివి. కాబట్టి ఇద్దరు. ఆ ఇద్దరికీ చెరో పేరూ పెట్టేశారు. పుస్తకాలన్నిట్లోకీ ఎక్కేసింది.

ప్రేమజ్యోతికి మాత్రం ఒక్కడే కనపడుతున్నాడు. కుంచె నింపిన భుజం దగ్గర సరిగ్గా సూదికి ఎంత చోటు కావాలో అంత చోటు ఉంటుంది. సూది ఏం చేయబోతోందో కుంచెకి ముందే తెలిసిపోయినట్టు! ఈ మాట చెబితే హార్లో కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టింది.

"ఇరవై ఏళ్ళు పక్కపక్కన కూర్చున్న ఇద్దరికి ఆ మాత్రం తెలియదా? ఒక మనిషికి ఒకటే చేతివాటం, జ్యోతీ. నువ్వు ఇద్దరు అని రాస్తే మే నెలలో నీ థీసిస్ డిఫెన్స్ పెట్టిస్తాను. ఒక్కడే అంటావా, రుజువు తీసుకురా. నీకు అలా అనిపించడం రుజువు కాదు."

న్యాయమైన మాటే. అందుకే మరీ ఒళ్ళు మండింది. ఇద్దరు అని రాస్తే డాక్టరేట్ చేతికొస్తుంది. కానీ అలా రాస్తే తనే ఆ మనిషిని నిలువునా రెండుగా కోసినట్టు. ఆరేళ్ళుగా రోజూ చూస్తున్న మనిషిని చేతులారా ఎలా కోస్తుంది? పోనీ కోయకుండా ఉంటే ఆరేళ్ళ చదువు గంగపాలు. రెండు వారాలు సరిగ్గా అన్నం తినలేదు.

ఆ వారం సహవాసం వాళ్ళింట్లోనే. వంటింట్లో మణి ఆంటీ సాయం చేస్తోంది. నరసాపురం ఆవిడ, నోటికి తాళం లేదు, మనసు వెన్న. ప్రేమజ్యోతి పులిహోరలోకి పచ్చిమిరపకాయలు తరుగుతోంది, మధ్యమధ్య గరిటె తీసుకుని పోపు కలుపుతోంది.

"అదేంటే పిల్లా, గరిటె కుడిచేత్తో పడతావు, కత్తి ఎడంచేత్తో పడతావు! ఏదో ఒకటి డిసైడ్ చేసుకోవే తల్లీ, చూసేవాళ్ళకి కళ్ళు తిరుగుతున్నాయి" అంది మణి ఆంటీ.

"పుట్టింది ఎడంచేత్తోనే ఆంటీ. అన్నం, రాత, వడ్డన... నలుగురూ చూసేవన్నీ మా నాన్న కొట్టి మరీ కుడిచేతికి మార్పించారు. బాపట్లలో మిషన్ స్కూల్ టీచర్ కదా, స్కేలు ఎప్పుడూ చేతిలోనే ఉండేది. కత్తి ఏ చేత్తో పడుతున్నానో ఎవరూ చూడలేదు. అదలా ఉండిపోయింది."

అని, కత్తి అలాగే గాల్లో ఆపేసింది.

"ఓరి దేవుడా!" అంది.

కుంచె గురువు చూస్తాడు. కుంచె పని పనిశాల అంతా చూస్తుంది. సూది పని ఒక మూల కూర్చుని చేసుకునేది. కుర్రతనంలో ఎవడో ఆ జాడీల చిత్రకారుడి చేతి మీద కొట్టి కుంచెని కుడిచేతిలో పెట్టాడు. సూది జోలికి ఎవరూ రాలేదు. అంతే కదా! ఇందులో బ్రహ్మవిద్య ఏముంది? ముప్ఫై ఏళ్ళ వయసు వచ్చేదాకా రోజూ తన రెండు చేతులూ చేస్తున్న పని తనకే కనపడలేదు. అమెరికావాళ్ళ పుస్తకాలు చదివీ చదివీ ఒక మనిషికి ఒకటే చేతివాటం అని తనూ నమ్మేసింది. సిగ్గేసింది, నవ్వొచ్చింది, ఏడుపూ వచ్చింది. మూడిటికీ ఒకేసారి చోటివ్వలేక మణి ఆంటీని గట్టిగా వాటేసుకుంది.

"మిరపకాయ చేతులే! దూరం జరుగు, కళ్ళు మండిపోతాయి!" అని ఆంటీ కేకలు పెడుతూనే ఉంది.

అనుకోవడం అయింది, రుజువేది? ప్రేమజ్యోతి సోమవారం అంతా ఆలోచించింది. కుడిచేతికి మార్పించిన పని తను మళ్ళీ ఎడంచేత్తో ఎప్పుడు చేస్తుంది? ఎవరూ చూడనప్పుడు, కుడిచెయ్యి అందనప్పుడు. జాడీ మీద ఎవరూ చూడని చోటు ఏది? పిడి కింద. చెయ్యి దూరడానికి ఇరుకు, కొనేవాడి కంటికి ఆనదు. ఫొటోగ్రాఫర్లు కూడా జాడీకి ముందువైపు ఒకటి, వెనకవైపు ఒకటి తీసి చేతులు దులుపుకుంటారు. పిడి కింద భాగం ఏ పుస్తకంలోనూ లేదు. ప్రొఫెసర్ చూసిందీ తను చూసిందీ కూడా ఆ ఫొటోలే.

మర్నాడు హార్లో గదిలోకి వెళ్ళి కుండబద్దలు కొట్టినట్టు చెప్పింది. ఈ సందర్భంలో ఆ మాట వాడినందుకు కుండలు క్షమించాలి.

"శాన్‌ఫ్రాన్సిస్కో మ్యూజియం స్టోర్‌రూమ్‌లో మన పనిశాల జాడీ ఒకటుంది. దాని పిడి కింద కుంచె గీతలు ఎడంచేతివి అయ్యుంటాయి. చూద్దాం రండి. కాకపోతే ఇద్దరు అని రాసి, సంతకం పెట్టి, ఇంకెప్పుడూ ఈ ఊసెత్తను."

"ముందే చెప్పి చూడటం మంచి పద్ధతి" అని హార్లో ఫోను తీసింది.

శుక్రవారం ఉదయం ప్రేమజ్యోతే డ్రైవ్ చేసింది. పిడి కింద ఏమీ లేకపోతే? వట్టి నలుపు పూసేసి ఉంటే? అనవసరంగా పందెం కాశానా ప్రభువా అనుకుంది. జోసఫ్ పొద్దున్నే కారు తాళం చేతికిస్తూ హాస్యం ఏమీ ఆడలేదు. "ప్రే చేస్తుంటాలే" అన్నాడు. అది తలుచుకుంటే ఇంకా భయం వేసింది.

మ్యూజియం నేలమాళిగలో స్టోరు చూసేవాడు బల్ల మీద మెత్తటి దుప్పటి పరిచి జాడీని నిలబెట్టాడు. మూరెడెత్తు ఉంది. ముందువైపు వీరులు, గుర్రాలు. ప్రొఫెసర్‌కి అవి కంఠతా వచ్చు, వాటి వంక చూడనైనా లేదు. దీపం దగ్గరికి లాగింది. పళ్ళ డాక్టరు వాడేలాంటి చిన్న అద్దం తీసి ప్రేమజ్యోతికి ఇచ్చింది.

"జోస్యం నీది. నువ్వే చూడు."

ప్రేమజ్యోతి మోకాళ్ళ మీద కూర్చుని అద్దం పిడి కిందికి పోనిచ్చింది. మొదట దుమ్ము. ఆ దుమ్ములోంచి ఒక కుక్క కనపడింది.

బొటనవేలంత కుక్క. వెనక కాలెత్తి చెవి గోక్కుంటోంది. కళ్ళు సగం మూసుకుని, ఆ సుఖానికి నోరు ఓరగా తెరిచి! ముందువైపు వీరులందరూ బిగుసుకుపోయి నిలబడి ఉంటే ఈ కుక్క ఒళ్ళు మరిచి గోక్కుంటోంది. ఒంటి మీద వెంట్రుకలు కుంచెతో వేసినవి. అన్నీ ఎడంచేతి వైపుకి ఒరిగి ఉన్నాయి. ప్రతి ఒక్కటీ!

"ఎడంచెయ్యి!" అని అరిచింది. నేలమాళిగంతా మోగింది.

హార్లో అద్దం అందుకుంది. వంగి చూసింది. మొహంలో ఏ మార్పూ లేదు. "కుంచె గీతలు ఎడంచేతివే. ఒప్పుకుంటాను. సూది పట్టినవాడు సరదాకి ఒక్కసారి కుంచె తీసుకుని ఈ కుక్కని వేశాడనుకో. అప్పుడు?"

ఇంతదాకా వచ్చి ఓడిపోవడమా? ప్రేమజ్యోతి ఇంకోసారి వంగింది. కుక్క పైన ఆకుల వరస ఒకటి జాడీ మెడ చుట్టూ తిరిగి వచ్చి పిడి కిందికి దూరుతోంది. బయట ఆకులన్నీ కుడిచేతివి, చిక్కటి నలుపు. పిడి దగ్గరికి వస్తుంటే కుంచెలో రంగు అయిపోతున్నట్టుంది, నలుపు పలచబడి గోధుమరంగులోకి దిగుతోంది. లోపల ఆకులు ఎడంచేతివి, ఇంకా పలచన. కుంచె మళ్ళీ రంగులో ముంచలేదు! ఆ రెండు చేతులకీ మధ్య ఒక్క ఆకు ఉంది. మొదలు కుడివైపు ఒరిగింది. కుంచె మట్టి మీద నుంచి లేచినట్టు కూడా లేదు, నడిమికి వచ్చి చెయ్యి ఆడక ఆగింది, కొస ఎడమవైపు ఒరిగి పూర్తయింది.

"ప్రొఫెసర్, ఈ ఆకు చూడండి. ఈ ఒక్క ఆకు" అంది.

హార్లో చూసింది. అద్దం తిప్పి చూసింది. దీపం జరిపి చూసింది. ఇద్దరు మనుషులు ఒకే కుంచెతో, ఒకసారి ముంచిన రంగుతోనే, ఒక ఆకుని చెరిసగం వెయ్యరు. ఎంత స్నేహమున్నా వెయ్యరు.

ఆవిడ నిటారుగా లేచి నిలబడింది. "ముప్ఫై ఏళ్ళు ఇతన్ని ఇద్దర్ని చేసి పాఠం చెప్పాను" అంది. పకపకా నవ్వింది! ఆవిడ అలా నవ్వడం ఆ స్టోరు చూసేవాడు గానీ ప్రేమజ్యోతి గానీ ఎన్నడూ ఎరగరు. "ఎంత మంచి కుక్క జ్యోతీ! ఇంత మంచి కుక్కని పిడి కింద దాచాడు దొంగ!" అని ప్రేమజ్యోతి రెండు చేతులూ పట్టుకుని ఊపేసింది. "పేరు పెట్టు. కనిపెట్టినవాళ్ళే పెట్టాలి, అది మన శాస్త్రంలో ఆచారం. పాత పేర్లు రెండూ నేనే కొట్టేస్తాను."

"పుర్ర" అంది ప్రేమజ్యోతి, ఆలోచించకుండానే.

"అంటే?"

"మా ఊళ్ళో ఎడంచేతి వాటం పిల్లల్ని పుర్రచెయ్యి, పుర్రచెయ్యి అని ఏడిపిస్తారు."

హార్లో నాలుగుసార్లు అని చూసుకుంది. రెండో అక్షరం దగ్గర నాలుక మడత పడింది. అయినా వదలకుండా జాడీ చీటీ మీద పాత మాటలు కొట్టేసి, పుర్రా పెయింటర్ అని తన చేత్తోనే రాసింది.

ఆదివారం సహవాసంలో పాట అయ్యాక, "సాక్ష్యం చెప్పేవాళ్ళెవరైనా ఉన్నారా?" అని పెద్దాయన శామ్యూల్ గారు అడిగారు. గ్రీన్‌కార్డ్ వచ్చినవాళ్ళు, ఆపరేషన్ బాగా జరిగినవాళ్ళు లేచి దేవుడు తమకి చేసిన మేలు చెప్పుకోవడం రివాజు. ప్రేమజ్యోతి ఎప్పుడూ లేచింది లేదు. ఆ రోజు లేచింది.

"ఇది నా సాక్ష్యం కాదు. ఏథెన్సులో ఒకాయన ఉండేవాడు. పేరు తెలీదు. చిన్నప్పుడు ఎడంచేత్తో బొమ్మలు వేస్తుంటే కొట్టి మాన్పించారు. ఆయన అందరూ చూసేవన్నీ కుడిచేత్తో వేసి, ఎవరూ చూడని చోట తనకిష్టమైనట్టు వేసుకున్నాడు. రెండున్నర వేల ఏళ్ళు ఎవరూ చూడలేదు. పైగా ఆయన్ని ఇద్దరు మనుషులన్నారు. మొన్న శుక్రవారం ఆయన ఒక్క మనిషి అయ్యాడు. దేవుడికి స్తోత్రం" అని కూర్చుంది.

విగ్రహాలకి మొక్కిన గ్రీకువాడికి స్తోత్రం చెప్పొచ్చో లేదో ఎవరికీ పాలుపోలేదు. శామ్యూల్ గారు బైబిలు వంక చూశారు, బైబిలు ఏమీ సలహా ఇచ్చినట్టు లేదు.

వెనక వరసలో జోసఫ్ లేచాడు. కళ్ళ నిండా నీళ్ళు, మొహం నిండా నవ్వు. "హల్లెలూయా!" అని ఇల్లెగిరిపోయేలా కేకేశాడు. ఆ వెంటనే మణి ఆంటీ, ఆ తరవాత శామ్యూల్ గారు, ఆ తరవాత గదిలో అందరూ. మట్టిలో కలిసిపోయిన ఆ పేరులేని మనిషికి సన్నీవేల్ తెలుగువాళ్ళు లేచి నిలబడి చప్పట్లు కొట్టారు.